బోర్డు కారులో వత్సవాయి దాకా

ఉమ్మడి కృష్ణా జిల్లా మెట్టకు ఎవరూ సరదాగా తిరిగి రావడానికి వెళ్ళరు. నేనూ అందుకు వెళ్ళలేదు. మా బావగారు రమ్మన్నారు కాబట్టి వెళ్ళాను. వచ్చి ఇన్ని నెలలైనా అక్కడ చూసిందేమిటో నాకు పూర్తిగా బోధపడలేదు. అర్థం కానిదాన్ని అర్థం కానట్టుగానే రాస్తున్నాను. చదివాక మీకేమైనా తెలిస్తే నాకూ చెప్పండి.

నేను కాకినాడలో సోషల్ టీచరుగా పనిచేసి రిటైరయ్యాను. జాతీయ మానవ హక్కుల కమిషన్ పాఠం ఎన్ని బ్యాచ్‌లకు చెప్పి ఉంటానో లెక్కలేదు. అధ్యక్షుణ్ణి ఎవరు నియమిస్తారు, సభ్యులు ఎవరెవరు, ఐదు మార్కులు. నిద్రలో లేపి అడిగినా చెప్పగలను. దెబ్బలు తిన్న మనిషి ఆ కమిషన్ గుమ్మం దాకా ఎలా వెళ్తాడని మాత్రం ఏ పిల్లాడూ అడగలేదు, నేనూ ఆలోచించలేదు.

నందిగామలో దిగగానే

బస్టాండుకు బావగారే వచ్చారు. మా అక్క సరోజిని భర్త, పేరు రంగారావు. పొలాలు కౌలుకిచ్చేసి ఇప్పుడు ఇంటిపట్టున ఉంటున్నారు. ఆయన పాత తెల్ల కారు నాకు తెలుసుగానీ, ఈసారి దానికి ముందు ఎర్ర బోర్డు, దానిమీద బంగారు రంగు అక్షరాలు. జాతీయ, మానవ, హక్కులు అన్న మూడు మాటలూ పెద్దవిగా ఉన్నాయి. కింద 'జిల్లా చైర్మన్' అని ఉంది.

"ఇదెప్పుడు బావగారూ?" అన్నాను.

"ఏడాది దాటిందమ్మా. మనది కమిషనేగా. జిల్లా మొత్తానికి నేనే" అన్నారు.

సెంటర్లో ట్రాఫిక్ కానిస్టేబుల్ బోర్డు చూసి సెల్యూట్ కొట్టాడు. బావగారు వేలు ఒకటి స్టీరింగు మీద నుంచి ఎత్తి అందుకున్నారు. పాఠం చెప్పిన నాకు ఏ సెల్యూటూ రాలేదు, ఆ పాఠం వినకుండానే ఈయనకు వచ్చిందే అనుకున్నాను. అసలు కమిషన్‌కి జిల్లా చైర్మన్లు ఉంటారని ఎక్కడా చదివిన గుర్తు లేదు. రిటైరయ్యాక పాఠం మారిందేమోలే అని ఊరుకున్నాను.

అక్క మాత్రం అన్నం వడ్డిస్తూ ఆయన్ని ఆటపట్టిస్తూనే ఉంది. "మీ బావగారికి ఇంట్లో పచ్చడి జాడీ దించమంటే నడుం నొప్పి. జిల్లా మొత్తం మోస్తున్నారు మరి."

ఆ జాడీలోది పండుమిరపకాయ పచ్చడి. మా వైపు పచ్చడి అన్నంలోకి నంజుకుంటాం, ఇక్కడ అన్నాన్నే పచ్చడిలోకి నంజుకుంటారు. రెండో ముద్దకే నా కళ్ళమ్మట నీళ్ళు వచ్చాయి. అక్క పెరుగు తెచ్చేలోగా బావగారు మూడోసారి వేసుకున్నారు.

సువార్తమ్మ వాకిట్లో

మర్నాడు బావగారు "నా పని చూద్దువుగాని రా" అని వత్సవాయి తీసుకెళ్ళారు. దారికి అటూ ఇటూ మిరపకాయల కళ్ళాలే. కంటికి ఆనినంత మేరా ఎరుపు. చూడ్డానికి బాగానే ఉంది, ముక్కుకే పడలేదు. తుమ్ములు మొదలై వత్సవాయి చేరేదాకా ఆగలేదు. అక్కడి ఆడవాళ్ళు ఆ కాయల మధ్యే కూర్చుని తాలుకాయలు ఏరుతూ నన్ను చూసి నవ్వుకున్నారు.

ఊరి చివర రెండు గదుల స్లాబు ఇంటి ముందు కారు ఆపారు. వాకిట్లో ఒకావిడ ఈత మట్టలు ముందేసుకుని చిన్న చిన్న సిలువలు అల్లుతోంది. వచ్చే ఆదివారం మట్టల ఆదివారమట. చర్చి వాళ్ళంతా ఆ మట్టలు పట్టుకుని ఊరేగుతారు. ఆవిడ పేరు సువార్తమ్మ, కూలి పనికి వెళ్తుంది. మమ్మల్ని చూసి గబగబా లేచి కొంగుతో కుర్చీ తుడిచింది.

"ఒరే ప్రసాదూ, ఇంకో కుర్చీ తేరా" అన్నారు బావగారు లోపలికి చూస్తూ.

సువార్తమ్మ కొడుకట, ముప్పై ఏళ్ళ మనిషి, కుర్చీ తెచ్చాడు. ఎడం చేత్తో తెచ్చాడు. కుడిచేతి రెండు వేళ్ళు వంగడంలేదు. మా కాకినాడలో బడికి వెళ్ళే పిల్లాడికి కూడా 'అండి' తగిలిస్తాం. పెళ్ళయి పాప ఉన్న మనిషిని ఒరే అనడం నా చెవికి గుచ్చుకుంది. అక్కడ ఎవరికీ గుచ్చుకున్నట్టు లేదు.

సువార్తమ్మ నాకు చల్ల ఇచ్చి, "మేడంగారు ఢిల్లీ నించా అయ్యా?" అని బావగారిని అడిగింది.

"కాకినాడ నుంచమ్మా" అన్నాను.

"ఆడ గూడా ఆపీసుందా?"

ఏం చెప్పాలో తెలియక తుమ్మాను. ఆవిడ దాన్ని అవునన్నట్టు తీసుకుని జరిగిందంతా నాకు మొదట్నుంచీ చెప్పింది. నిరుడు మట్టల ఆదివారం ముందు గురువారం ఎవరి పొలంలోనో మోటారు పోయింది. ఆ పొలంలో ట్రాక్టరు తోలింది ప్రసాదే. అందుకని స్టేషనుకు తీసుకెళ్ళారు. ఏ స్టేషనో నేను రాయను. ఆదివారం ఊరేగింపు చర్చి చుట్టూ తిరుగుతుండగా నడవలేక నడుస్తూ ఇల్లు చేరాడు. ఆ వారంలోనే మోటారు వేరే ఊళ్ళో వేరే మనిషి దగ్గర దొరికింది. కానీ పోలీసులు ఇతన్ని కొట్టింది కొట్టినట్టే ఉండిపోయింది.

"నాకేం ఇప్పించమని అడగట్లేదమ్మా. మావోడు దొంగ కాదని పైనోళ్ళు ఎవురన్నా ఒక మాట రాయాల. ఆ వేళ్ళతో గూడా ట్రాక్టరు తోలగలడు. తాళం చెవి ఎవురూ ఇయ్యట్లా" అంది.

"నీ అర్జీ ఢిల్లీలో ఉంది సువార్తా. పైకి పంపించేసాం" అన్నారు బావగారు.

"పాస్టరమ్మ చెప్పిందయ్యా, ఢిల్లీ పోతే నెంబరొస్తదంట గదా. ఆ నెంబరు చెప్తారా?"

బావగారు రేపు కనుక్కుంటానన్నారు. ప్రసాద్ గుమ్మానికి ఆనుకుని నిలబడి మా ఎవరి వంకా చూడలేదు. వచ్చేటప్పుడు సువార్తమ్మ నా చేతిలో ఒక ఈతాకు సిలువ పెట్టింది. తీసుకోవచ్చో లేదో తెలియక తీసుకుని బ్యాగులో వేసుకున్నాను.

జగ్గయ్యపేటలో

శనివారం జగ్గయ్యపేట బయల్దేరాం. హైవే మీద టోల్‌గేట్ దగ్గర బావగారు అద్దం దించి చైర్మన్ అని ఉన్న కార్డు చూపించారు. కౌంటర్లో అమ్మాయి కార్డు వంక చూడనైనా చూడలేదు. "ఎవరైనా ఫాస్టాగే సార్" అంది. మా వెనక లారీలు హారన్లు మోగించాయి. ఆయన ముఖం చూసి నేను కిటికీలోంచి బయటికి చూడ్డం మొదలుపెట్టాను.

ఊళ్ళో బజారులో ఇడ్లీ తిన్నాం. ఇడ్లీ మీద కారప్పొడి, దానిమీద నెయ్యి. మంట తెలిసేది చివర్లో. పక్క బల్ల మీద కోదాడ నుంచి వచ్చిన వ్యాపారులు కాబోలు, "గట్లెట్లయితది" అంటూ పత్తి ధర గురించి వాదించుకుంటున్నారు. గంటన్నర ప్రయాణంలో భాష ఇంత మారిపోతుందా అని వింటూ కూర్చున్నాను.

నెంబరు కోసం ఇంటర్నెట్ సెంటర్‌కి వెళ్ళాం. నడిపే ఆవిడ "కంప్లైంటు పెట్టినప్పుడు ఏ ఫోన్ నెంబరు ఇచ్చారండీ?" అని అడిగింది. బావగారికి తెలియదు. తనకి పైనున్న రాష్ట్ర ప్రెసిడెంటుకి ఫోన్ చేసి స్పీకర్లో పెట్టారు.

"ఏ కేసు సార్?" అన్నాడాయన. బావగారు చెప్పారు. "ఓ అదా. వచ్చే మీటింగులో పెడదాం సార్."

"ఢిల్లీ పంపించామన్నారుగా?"

"ఢిల్లీ అంటే మన హెడ్డాఫీసు ఉంది కదా సార్, అక్కడికి."

బావగారు ఫోన్ దగ్గరికి వంగారు. "మనం కమిషనేగా?" అన్నారు. గొంతు చిన్నదైపోయింది.

ఫోన్లో నవ్వు వినిపించింది. "మనం కమిషన్ ఎందుకవుతాం సార్? కమిషన్ గవర్నమెంటుది. మనది సేవా సంస్థ. చేరేటప్పుడే చెప్పాం కదా."

సెంటరావిడ మర్యాదకి వేరే పని ఉన్నట్టు లేచి వెళ్ళింది. నేను ఆ కుర్చీలో కూర్చుని అసలు కమిషన్ పేజీ తెరిచి చదివాను. ఇన్నేళ్ళు పాఠం చెప్పిన నాకు చదివినకొద్దీ అయోమయం ఎక్కువైంది. ఫిర్యాదు ఎవరైనా పెట్టచ్చట, బాధపడ్డవాళ్ళ తరఫున ఇంకొకరైనా పెట్టచ్చు. తెలుగులో రాయచ్చు. రుసుము లేదు. మధ్యలో చైర్మన్లెవరూ అక్కర్లేదు. కమిషన్ ప్రభుత్వాన్ని నివేదిక అడుగుతుంది, కావాలంటే తన మనుషుల్ని పంపిస్తుంది, సాక్షుల్ని పిలిపించగలదు. ఇంతా చేసి చివరికి శిక్ష వెయ్యదు, ఫలానాది చెయ్యండని సిఫార్సు చేస్తుంది. రాష్ట్రానికి ఇంకో కమిషన్ ఉంది, అక్కడ నడుస్తున్నది ఇక్కడ తీసుకోరు. పోలీసుల మీద ఫిర్యాదైతే మామూలుగా నివేదిక అడిగేది ఆ పోలీసుల పైఅధికారినే. ఇది బలమో బలహీనతో నాకు తేలలేదు. అన్నిటికన్నా కింద ఉన్న మాట దగ్గర నా చూపు ఆగిపోయింది. జరిగి ఏడాది దాటితే సాధారణంగా స్వీకరించరు.

"బావగారూ, నిరుడు మట్టల ఆదివారం ముందు గురువారం అందిగా సువార్తమ్మ?"

"ఆ."

"రేపే మట్టల ఆదివారం."

ఏడాది మొన్న గురువారంతో నిండిపోయింది. అంతలో కరెంటు పోయి తెర కూడా ఆరిపోయింది.

ముక్త్యాల ఒడ్డున

బావగారు కారు ఇంటికి పోనివ్వలేదు. ఎటు వెళ్తున్నామో చెప్పకుండా ముక్త్యాల వైపు తిప్పారు. దారంతా సిమెంటు లారీలు, రోడ్డు పక్క చెట్లు కూడా బూడిద రంగులో ఉన్నాయి. చివరికి కృష్ణ ఒడ్డున ఆపారు. మా గోదావరి వెడల్పుగా ఒళ్ళు విరుచుకుని ఉంటుంది. ఇక్కడ కృష్ణ రాళ్ళ మధ్య తలవంచుకుని పోతోంది. ఇంకో రోజైతే ఈ పోలిక మీద ఒక పేజీ రాసేదాన్ని.

నాకు చాలా కోపంగా ఉంది. "ఒక్కసారైనా అడగాలనిపించలేదా మీకు?" అన్నాను.

"అడిగితే కాదంటారేమోనని అడగలేదేమోనమ్మా" అన్నారు. "పొలం కౌలుకిచ్చాక మన గుమ్మం ఎవరూ తొక్కలా. బోర్డు పెట్టాక పొద్దున్నే నలుగురొచ్చి కూర్చునేవాళ్ళు. కష్టాలు చెప్పుకునేవాళ్ళు. వినేవాణ్ణి. వింటే చాలేమో అనుకున్నా."

ఆయన అబద్ధం చెప్పడంలేదని తెలిసింది. దానివల్ల కోపం తగ్గలేదు, జాలి కూడా వచ్చి చేరింది. పకోడీల బండి ఆయన మా దగ్గరికి వచ్చి, బోర్డు చూసి, తమ వీధిలో నీళ్ళ కుళాయి సంగతి చెప్పడం మొదలుపెట్టాడు. బావగారు చేతులు జోడించి, "నేను చైర్మన్ని కాదు బాబూ" అన్నారు. ఆయన నమ్మలేదు. పెద్దవాళ్ళు అలాగే అంటారని పకోడీలు ఇంకో గుప్పెడు వేశాడు.

మళ్ళీ వత్సవాయి

సాయంత్రానికి సువార్తమ్మ ఇంటికి వెళ్ళాం. వాకిట్లో సిలువలు గంప నిండా అయ్యాయి. ఆవిడ కుర్చీ తుడిచింది. బావగారు కూర్చోలేదు.

"సువార్తా, నేను కమిషనోణ్ణి కాదు" అన్నారు.

"అంటే అయ్యా?"

"మాదొక సంఘం. నేనే తెలుసుకోకుండా నిన్ను నమ్మించా. నీ అర్జీ ఢిల్లీ పోలేదు. ఇప్పుడు పంపిద్దామన్నా ఏడాది దాటిపోయింది."

ఆవిడ చేతిలో ఈతాకు మధ్యలో ఆగింది. తిడుతుందనుకున్నాను. ఏడుస్తుందనుకున్నాను. ఆవిడ కారు వంక చూసి, "మరి మీ కారు ఈడ ఆగబట్టిన కాడ్నించి పోలీసోళ్ళు రావటం మానేసారేందయ్యా?" అంది. "అంతకుముందు ఏడ ఏది పోయినా వొచ్చి మావోణ్ణి లేపుకుపొయ్యేవాళ్ళు గదా."

లేని అధికారం ఏడాదిగా ఒక ఇంటికి కాపలా కాసింది. ఉన్న అధికారానికి ఈ ఇల్లు ఉందని తెలియనే తెలియదు.

"దాటలేదు" అన్నారెవరో.

ప్రసాద్ అన్నాడు. గుమ్మం దగ్గర నుంచి ముందుకు వచ్చాడు.

"ఏడాది దాటలేదండి. పోయినేడు మట్టల ఆదివారం ఏప్రిల్లో గదా వొచ్చింది. సగం నెల దగ్గర. ఆ ఎండ నాకు గుర్తుంది. ఇప్పుడింకా మార్చేగా. ఈ ఏడు పండగ ముందొచ్చింది."

సువార్తమ్మ వేళ్ళ మీద ఏదో లెక్కపెట్టి, "అవునయ్యా, నిజమే" అంది. పండగ నుంచి పండగకు ఏడాది అనుకోవడం ఆవిడకు అలవాటు. నిరుటిదీ ఈ ఏటిదీ తేదీలు పెట్టి చూసుకునే అవసరం ఆవిడకు ఎప్పుడూ రాలేదు. మన ఉగాది ప్రతి ఏడూ తేదీ మారుతుందని తెలిసిన నేనూ బావగారూ, వాళ్ళ పండగ తేదీ కూడా అలాగే మారుతుందని ఒక్క క్షణమైనా అనుకోలేదు. క్రిస్మస్ ఒక్కటే చూసి అన్నీ అంతే అనుకున్నాం. ఫోన్లో క్యాలెండరు తీసి చూశాను. ఇంకా దాదాపు రెండు వారాలు ఉంది. నాకు ఉన్నట్టుండి నవ్వొచ్చింది, వెంటనే సిగ్గేసింది.

"సోమవారం వెళ్ళి అసలు చోటికే పంపిద్దాం. ఈ బోర్డు ఇప్పుడే తీసేస్తా" అన్నారు బావగారు.

"తియ్యమాకండయ్యా" అని సువార్తమ్మ అడ్డం వచ్చింది. "ఆళ్ళ జవాబొచ్చేదాకా ఉంచండి. అప్పుడప్పుడూ ఈడ ఆపి పోతా ఉండండి."

బావగారు నా వంక చూశారు. నేను ఈతాకుల వంక చూశాను. అంతదాకా తీసెయ్యడమే న్యాయం అనుకున్నదాన్ని, ఆవిడ అడిగాక ఏది న్యాయమో చెప్పలేకపోయాను.

ప్రసాదే చెప్పాడు. "వొద్దమ్మా. అబద్ధానికి ఆగినోళ్ళు, అబద్ధమని తెలిసిన రోజున ఇంకా కోపంగా వొస్తారు. తీసెయ్యమను."

"నీకు భయం లేదా?" అంది తల్లి.

"ఉంది" అన్నాడు.

నెంబరు

సోమవారం నలుగురం కలిసి జగ్గయ్యపేట వెళ్ళాం. సువార్తమ్మ చెబుతుంటే సెంటరావిడ తెలుగులో టైపు చేసింది. మధ్యలో రెండుసార్లు నేను మాట సరిచెయ్యబోయాను. సువార్తమ్మ ఊరుకోలేదు, తను అన్నట్టే ఉండాలంది. అలాగే ఉంచాం. పంపించిన కాసేపటికి ప్రసాద్ ఫోన్‌కి మెసేజ్ వచ్చింది, అందులో ఒక పొడుగాటి నెంబరు. సువార్తమ్మ ఫోన్ను రెండు చేతులతో పట్టుకుని ఆ నెంబరు వంక చూసింది. చదవడం రాదు, అయినా చాలాసేపు చూసింది.

"ఇప్పుడేం చేస్తారమ్మా ఆళ్ళు?" అని అడిగింది నన్ను.

"అడుగుతారు" అన్నాను.

"ఎవుర్ని?"

"ఎస్పీగారిని. ఏం జరిగిందో చెప్పమని."

"ఎస్పీని గూడా అడిగేవోళ్ళుండారా!" అంది.

బావగారు స్క్రూడ్రైవరు అరువు తెచ్చుకుని బోర్డు విప్పి డిక్కీలో పడేశారు. వాళ్ళను వత్సవాయిలో దించి నందిగామ వచ్చేసరికి సెంటర్లో అదే కానిస్టేబుల్. ఈసారి సెల్యూట్ లేదు. బండి ఆపి సీటు బెల్టు ఏదని అడిగాడు.

కాకినాడ చేరాక

వానలు మొదలయ్యాక ఒకరోజు సువార్తమ్మ ఫోన్ చేసింది. కమిషన్ నివేదిక అడిగిందట. ఎస్పీ ఆఫీసు నుంచి ఒక అధికారి విచారణకి వాళ్ళ ఇంటికే వచ్చాడట. ముందురోజే తెలిసి బావగారికి కబురు పెడితే బోర్డు లేని కారులో వెళ్ళారట.

"'మీరెవరు?' అని అడిగాడమ్మా ఆయన్ని. 'ఈవిడకి తోడొచ్చానండి' అన్నాడు అయ్యగారు. అంతే. గోడ పక్కన నిలబడి అయిపొయ్యిందాకా ఉన్నాడు."

"ఆ అధికారి ఏమన్నాడు?" అని అడిగాను. నివేదికలో ఏం రాస్తాడో, దాని మీద కమిషన్ ఏమంటుందో, అన్నా ఎవరు వింటారో, ప్రసాద్‌కి ట్రాక్టరు తాళం ఎవరిస్తారో, నా మనసులో అన్నీ ప్రశ్నలే.

ఆవిడ ఇంకో మాట అందుకుంది.

"మావోణ్ణి 'కూర్చోండి, ఏం జరిగిందో మీరు చెప్పండి' అన్నాడమ్మా" అంది. "మావోడు ఎవురితో అంటన్నాడో అని ఎనక్కి తిరిగి చూసాడు."